ఏ ఫసలీల పుట్టిన్నో నాకేం ఎర్క

కాలం మీద పెత్తనం కోసం రెండు వర్గాలు యుద్ధం చేసుకోవడం సైన్స్ ఫిక్షన్‌లో పాత ఇతివృత్తమే. అమెరికన్ రచయిత ఫ్రిట్జ్ లైబర్ 1958లో ‘ది బిగ్ టైమ్’ అనే నవల రాశాడు. అందులో సాలీళ్ళు, పాములు అనే రెండు పక్షాలు గతంలోకీ భవిష్యత్తులోకీ సైనికుల్ని పంపి, జరిగిపోయిన చరిత్రను తమకు అనుకూలంగా మార్చుకుంటూ ఉంటాయి. ఆ కథను చెప్పేది గ్రేటా అనే స్త్రీ. గాయపడి, అలసిపోయి వచ్చిన సైనికులను సేదదీర్చడం ఆమె ఉద్యోగం. 2019లో అమల్ ఎల్-మొహ్తార్, మాక్స్ గ్లాడ్‌స్టోన్ కలిసి రాసిన ‘దిస్ ఈజ్ హౌ యూ లూజ్ ద టైమ్ వార్’లో శత్రుపక్షాలకు చెందిన ఇద్దరు స్త్రీలే యోధులు. ఒకరికొకరు రహస్యంగా ఉత్తరాలు రాసుకుంటారు. అరవై ఏళ్ళలో స్త్రీ సేవలు చేసే చోటు నుంచి యుద్ధం చేసే చోటికి వచ్చిందన్నమాట. ఆ యుద్ధం తనది అవునా కాదా అని అడిగే చోటికి కూడా వచ్చింది.

ఈ నవలల్లో గతాన్ని మార్చాలంటే ఏవేవో యంత్రాలు, మహిమలు కావాలి. మా పాలమూరు వైపు అందుకు ఒక కలం, ఒక రిజిస్టరు సరిపోయాయి. తేదీ వేసే అధికారం ఎవరి చేతిలో ఉంటే పన్ను, వారసత్వం, పెళ్ళి, భూమి వాళ్ళ చేతిలో ఉంటాయి. ఈ అధికారం కోసం జరిగిన పెనుగులాట చరిత్ర పుస్తకాల్లో యుద్ధంగా కనిపించదు. కానీ అందులో గెలిచినవాళ్ళు, ఓడినవాళ్ళు ఉన్నారు. రెండు పక్షాల మధ్య నలిగినవాళ్ళూ ఉన్నారు. ఈ వ్యాసం నలిగినవాళ్ళ గురించి.

శ్రీరంగాపూర్ ఇప్పుడు వనపర్తి జిల్లాలో ఒక మండల కేంద్రం. ఒకప్పుడు వనపర్తి సంస్థానంలోది. సంస్థానాధీశులు కట్టించిన రంగనాయకస్వామి గుడి, దాని పక్కనే రంగసముద్రం చెరువు ఈ ఊరికి గుర్తింపు. గుడి 18వ శతాబ్దానిదని పర్యాటక శాఖ చెప్తుంది. 2024 సెప్టెంబరులో ఇద్దరు సినిమా నటుల పెళ్ళి ఇక్కడ జరిగినప్పుడు మాత్రం పత్రికలన్నీ నాలుగు వందల ఏళ్ళ నాటి గుడి అని రాశాయి. రాతి కట్టడానికి వయసు పెరిగితే గౌరవమూ పెరుగుతుంది కాబట్టి ఎవరికీ అభ్యంతరం ఉండదు. మనుషుల వయసు దగ్గరకు వచ్చేసరికి, ముఖ్యంగా ఆడమనుషుల వయసు దగ్గరకు వచ్చేసరికి, లెక్క వేరుగా ఉంటుంది.

ఈ ఊళ్ళో నిజాం కాలంలో కనీసం మూడు కాలాలు పక్కపక్కనే నడిచేవి. గుడికి పంచాంగం ఉంది. ఉత్సవాలు, ముహూర్తాలు, ఆబ్దికాలు తిథుల మీద నడిచేవి. సంవత్సరానికి ప్రభవ, విభవ అంటూ అరవైలో ఒక పేరు, దానికి తోడు శాలివాహన శకం. ప్రభుత్వానికి ఫసలీ ఉంది. శిస్తు, పహాణీ, కోర్టు కాగితాలు అన్నీ దాని మీదే. రైలుకీ రెసిడెన్సీకీ ఇంగ్లీషు తారీఖు.

ఫసల్ అంటే పంట. హిజ్రీ సంవత్సరం చంద్రుణ్ణి బట్టి నడుస్తుంది. సౌర సంవత్సరం కన్నా దాదాపు పదకొండు రోజులు తక్కువ. ఆ లెక్కన శిస్తు వసూలు చేస్తే కొన్నేళ్ళకు పంట ఇంకా చేలో ఉండగానే పన్ను గడువు వచ్చేస్తుంది. అందుకని అక్బర్ కాలంలో పంటల్ని అనుసరించే ఫసలీని పెట్టారు. షాజహాన్ కాలంలో, 1636 ప్రాంతంలో, అది దక్కన్‌కు వచ్చింది. దక్కన్ ఫసలీకి 590 కలిపితే ఇంగ్లీషు సంవత్సరం వస్తుంది. అంటే మన ఊళ్ళల్లో పాలన చేసిన కాలం పుట్టిందే పన్ను కోసం. దేవుడి కోసమో నక్షత్రాల కోసమో పుట్టినది కాదు. హైదరాబాదు రాజ్యంలో ఫసలీ అక్టోబరు మొదటి వారంలో మొదలయ్యేది. నెలల పేర్లు పారసీకం: ఆజుర్, దై, బహమన్, ఇస్ఫందార్... కందులు, జొన్నలు పండించే రైతు ఈ పేర్లను పట్వారి నోటి నుంచి వినాల్సిందే.

బీచుపల్లి దగ్గర కృష్ణ దాటి, నడిగడ్డ దాటి, అలంపురం వైపు తుంగభద్ర దాటితే కర్నూలు. అది మద్రాసు ప్రెసిడెన్సీ. అక్కడా శిస్తు లెక్క ఫసలీయే, అంకె కూడా అదే. కానీ 1855 నుంచి అక్కడ ఫసలీ జులై 1న మొదలవుతుంది. అందువల్ల 1930 ఆగస్టు 1న కర్నూల్లో ఫసలీ 1340 నడుస్తుంటే శ్రీరంగాపూర్‌లో ఇంకా 1339. గుడిలో అది ప్రమోదూత నామ సంవత్సరం, శకం 1852. రెండు నదులు దాటినంత మాత్రాన మనిషి ఒక సంవత్సరం ముందుకు వెళ్ళి, తిరిగొస్తే వెనక్కి వచ్చేది. కాలప్రయాణానికి నవలలు చదవనక్కర్లేదు.

రాజ్యాలు పోయినా వాళ్ళ కాలం అంత తొందరగా పోదు. 1948 సెప్టెంబరులో పోలీసు చర్యతో నిజాం పాలన ముగిసింది. సంస్థానాలతో సహా జాగీర్లన్నిటినీ రద్దు చేసిన 1949 నాటి శాసనం పేరు చూడండి: జాగీర్ల రద్దు రెగ్యులేషన్, 1358 ఫసలీ. ఫ్యూడల్ వ్యవస్థను రద్దు చేసిన కాగితం మీద కూడా ఆ వ్యవస్థ తేదీయే ఉంది. భూమి రెవెన్యూ చట్టాన్ని 2014లో తెలంగాణ ఏర్పడిన తర్వాత కూడా 1317 ఫసలీ చట్టంగానే పిలిచారు.

జనం కాలం కోసం కొట్లాడిన సందర్భాలు బయటా ఉన్నాయి. 1906 జనవరి 1 నుంచి దేశమంతటికీ ఒకే ప్రామాణిక సమయం అని బ్రిటిష్ ప్రభుత్వం ప్రకటించినప్పుడు బొంబాయిలో మిల్లు కార్మికులు పని మానేసి నిరసన తెలిపారు. గడియారాన్ని దాదాపు నలభై నిమిషాలు ముందుకు జరపడమంటే వాళ్ళ నిద్రలోంచి నలభై నిమిషాలు తీసుకోవడమే. బొంబాయి నగరం తన పాత సమయాన్ని 1955 దాకా వదల్లేదు. విప్లవ కాలపు ఫ్రాన్స్‌లో 1793లో కొత్త క్యాలెండర్ తెచ్చి వారాన్ని పది రోజులు చేసినప్పుడు ఆదివారాన్ని పట్టుకుని వేలాడిన వాళ్ళలో పల్లెటూరి స్త్రీలు ముందున్నారు. చాలామంది చరిత్రకారులు దీన్ని స్త్రీల మతఛాందసంగా రాసి వదిలేశారు. ఏడు రోజులకు ఒకసారి నలుగురు ఆడవాళ్ళు ఒకచోట కూడే అవకాశం పది రోజులకు పోయిందన్న సంగతి వాళ్ళకు తట్టలేదు. ఫ్యాక్టరీ గడియారం మనుషుల్ని ఎట్లా మార్చిందో 1967లో రాసిన ఇ.పి. థాంప్సన్ మాత్రం, పసిపిల్లల తల్లి ఆ గడియారానికి పూర్తిగా లొంగలేదని ఒక మాట అన్నాడు. ఆమె కాలం పిల్ల ఏడుపును బట్టి నడుస్తుంది. థాంప్సన్ అక్కడితో ఆగాడు. మన ప్రశ్న అక్కడే మొదలవుతుంది.

కాలం మీద పెత్తనం కోసం ఈ దేశంలో జరిగిన అసలు యుద్ధం గడియార స్తంభాల దగ్గర జరగలేదు. ఆడపిల్ల ఒంటి మీద జరిగింది. ఇందులోనూ రెండు పక్షాలున్నాయి. ఒక పక్షం శాస్త్రం. దాని లెక్కలో ఆడపిల్లకు సంవత్సరాలతో పని లేదు. రజస్వల కాకముందు పెళ్ళి, రజస్వల కాగానే గర్భాదానం. శరీరమే గడియారం. రెండో పక్షం చట్టం. దానికి అంకె కావాలి: పది, పన్నెండు, పద్నాలుగు. 1890లో బెంగాల్‌లో ఫుల్మణి దాసి అనే పిల్ల భర్త చేసిన బలాత్కారంలో చనిపోయింది. అప్పటి చట్టంలో అంకె పది. ఆ పిల్లకు పదేళ్ళు దాటాయి కాబట్టి అత్యాచార నేరం వర్తించలేదు. మరుసటి ఏడు, 1891లో, ఆ అంకెను పన్నెండు చేశారు. తిలక్‌తో సహా ఎందరో జాతీయవాదులు దాన్ని తీవ్రంగా వ్యతిరేకించారు. మా ఇళ్ళ కాలాన్ని పరాయి ప్రభుత్వం ఎట్లా నిర్ణయిస్తుందన్నది వాళ్ళ వాదన. ఇళ్ళలో ఉన్న పిల్లల కాలాన్ని ఎవరు నిర్ణయిస్తున్నారన్నది ఆ వాదనలో లేదు.

తెలుగులో ఈ లెక్కను మొదట బయటపెట్టిన కాగితాల్లో ఒకటి ‘కన్యాశుల్కం’ 1897 ముద్రణకు గురజాడ రాసిన ముందుమాట. విజయనగరం మహారాజా విశాఖ మండలంలో చేయించిన విచారణలో మూడేళ్ళలో 1,034 శుల్క వివాహాలు తేలాయి. అందులో ఐదేళ్ళ పెళ్ళికూతుళ్ళు 99 మంది. నాలుగేళ్ళవాళ్ళు 44, మూడేళ్ళవాళ్ళు 36, రెండేళ్ళవాళ్ళు 6. ఏడాది పిల్లలు ముగ్గురు. నాటకంలోని హాస్యాన్ని తరతరాలుగా పొగుడుకుంటూ వస్తున్నాం. ఈ అంకెల గురించి మన సాహిత్య విమర్శ ఎంత మాట్లాడింది? పిఎచ్.డి. చేస్తున్న రోజుల్లో ఈ ముందుమాట చదివినప్పుడు నాకు మొదట తోచింది ఒకటే: ఆ ముగ్గురు పిల్లలకు తమ పెళ్ళి తేదీ ఎవరు చెప్పి ఉంటారు?

1929లో హరబిలాస్ శారదా తెచ్చిన బాల్యవివాహ నిరోధక చట్టం ఆడపిల్లకు పద్నాలుగు, మగపిల్లవాడికి పద్దెనిమిది అంది. 1930 ఏప్రిల్ 1 నుంచి అమలు. చట్టం ఆమోదానికీ అమలుకూ మధ్య ఆరు నెలల గడువు. ఆ ఆరు నెలల్లో దేశమంతటా పసిపిల్లల పెళ్ళిళ్ళు పోటాపోటీగా జరిగిపోయాయి. పదిహేనేళ్ళ లోపు వివాహితల సంఖ్య 1921 జనగణనలో సుమారు 85 లక్షలు ఉండగా 1931 నాటికి కోటీ ఇరవై లక్షలు దాటింది. ఆడపిల్లను రక్షించడానికి పెట్టిన తేదీయే లక్షల మంది ఆడపిల్లలను ముందే తాళి కిందకు తోసింది. తేదీ తెలిసినవాళ్ళు తేదీని ఎట్లా వాడుకుంటారో చెప్పడానికి ఇంతకన్నా ఉదాహరణ అక్కర్లేదు.

గడువు దాటాక కొందరు కాలం బదులు చోటు మార్చారు. చట్టం బ్రిటిష్ ఇండియాకే వర్తిస్తుంది. ఫ్రెంచివాళ్ళ చేతిలో ఉన్న యానానికి గోదావరి జిల్లాల నుంచి బాల్యవివాహాల బృందాలు తరలివెళ్ళేవి. ఆ ఊరికి కల్యాణపురం అన్న పేరు అందుకే వచ్చింది. హైదరాబాదు రాజ్యానికి కూడా ఆ చట్టం లేదు. అంటే కర్నూల్లో నేరమైన పెళ్ళి రెండు నదుల ఇవతల శ్రీరంగాపూర్‌లో శుభకార్యం.

అట్లాంటి శుభకార్యాల్లో ఒకటి మా అవ్వ పెళ్ళి.

అవ్వ, అంటే మా నాయన తల్లి, ఈ ఊరిది. మౌఖిక చరిత్రల మీద పని చేస్తున్నప్పుడు ఆమెను ఎన్నోసార్లు కూర్చోబెట్టి అడిగాను. “ఏ యేడు పుట్టినవ్ అవ్వా?” అంటే, “ఏ ఫసలీల పుట్టిన్నో నాకేం ఎర్క బిడ్డా? గవన్ని పట్వారికి ఎర్క. రంగసముద్రం మత్తడి దుంకిన యేడు పుట్టిన్నని మా అమ్మ అంటుండె” అనేది. పెళ్ళి గురించి అడిగితే, “పోలీసాక్షన్‌కు ముందటేడు ఎండకాలం. అప్పటికింకా పెద్దమనిషి గాలే” అనేది. పెద్దమనిషి అయింది పోలీసాక్షన్ తర్వాత వచ్చిన తొలి సంక్రాంతికి. పెద్దబిడ్డ దోగాడుతుండగా మొదటి ఓట్లు వచ్చాయి.

ఇందులో ఒక్క తారీఖు లేదు. అయినా లెక్క కట్టవచ్చు. పోలీసు చర్య 1948 సెప్టెంబరు. అంతకు ముందటేడు ఎండాకాలం అంటే 1947. పెద్దమనిషి అయింది 1949 జనవరి. మొదటి ఎన్నికలు 1952 మొదట్లో, కాబట్టి పెద్దత్త పుట్టింది 1951లో. పదమూడో ఏట పెద్దమనిషి అయిందనుకుంటే అవ్వ పుట్టింది 1936 ప్రాంతంలో. పదకొండేళ్ళకు పెళ్ళి, పదిహేనేళ్ళకు బిడ్డ. ఏ రిజిస్టరూ దాచిపెట్టని ఈ సంగతిని తేదీలు లేని ఆమె జ్ఞాపకం దాచిపెట్టింది. అవతలి ఒడ్డున నేరం అయ్యే పెళ్ళి ఇవతలి ఒడ్డున జరిగిందనడానికి మా ఇంట్లో మిగిలిన సాక్ష్యం అదొక్కటే.

అవ్వ చెప్పిన ఆ మొదటి ఎన్నికల్లో వనపర్తి నుంచి శాసనసభకు గెలిచింది సురవరం ప్రతాపరెడ్డి. రాజుల యుద్ధాలు, రాజ్యాల తేదీలు కాదు, జనం ఏం తిన్నారు, ఏం కట్టారు, ఎట్లా బతికారు అన్నది చరిత్ర అని 1949లో వచ్చిన ‘ఆంధ్రుల సాంఘిక చరిత్ర’తో మనకు చూపించిన మనిషి. ఆయన వేసిన దారిలో ఇంకో నాలుగు అడుగులు వేస్తే అవ్వ లెక్క దగ్గరకు చేరతాం. 1986లో స్త్రీశక్తి సంఘటన ‘మనకు తెలియని మన చరిత్ర’లో ఆ అడుగులు వేసింది. తెలంగాణ సాయుధ పోరాటాన్ని విరమించింది 1951 అక్టోబరులో అని చరిత్ర చెప్తుంది. పోరాటం అయిపోయింది, ఇక ఇళ్ళకు పొమ్మన్న తర్వాత ఆ స్త్రీల జీవితాల్లో మొదలైన కాలం గురించి ఆ పుస్తకమే చెప్పింది. ఒకే తేదీ ఉద్యమానికి ముగింపు అయితే స్త్రీకి ఒంటరితనానికి మొదలు కావచ్చు.

అయితే అవ్వ లెక్కను స్త్రీల స్వేచ్ఛా క్యాలెండర్ అని మురిసిపోవడం నాకు ఇష్టం లేదు. మత్తడి దుంకిన యేడును పక్కన పెడితే అందులో ఉన్నవి పెళ్ళి, పెద్దమనిషి కావడం, కానుపు. పితృస్వామ్యం ఆమె ఒంటికి కట్టిన గడియారమే అది. ఆమె దాన్ని తిరగేసి సాక్ష్యంగా వాడింది, అంతే. చట్టం అంకె కూడా చెడ్డదేమీ కాదు. పద్నాలుగు అన్న అంకె 1947లో మా ఊళ్ళో అమలై ఉంటే అవ్వకు ఇంకో మూడు ఎండాకాలాలు ఆడుకునే వీలుండేది. కాబట్టి తేదీలు వద్దనడం మన పని కాదు. తేదీ రాసే చెయ్యి ఎవరిదని అడగడం మన పని.

రాణులకే ఆ చెయ్యి లేకపోతే మామూలు స్త్రీల మాట చెప్పాలా? వనపర్తిలో 19వ శతాబ్దపు రెండో సగంలో వితంతువైన రాణి శంకరమ్మ సంస్థానాన్ని నడిపింది. గద్వాలలో మహారాణి ఆదిలక్ష్మీ దేవమ్మ 1924 నుంచి 1949 దాకా, సంస్థానాల చివరి రోజు వరకు, పాలించింది. పాతికేళ్ళు చిన్న కాలం కాదు. అయినా ఇలాంటి పాలనలను మన స్థానిక చరిత్రలు ఒక రాజుకూ మరో రాజుకూ మధ్య ఖాళీలాగా, దత్తపుత్రుడు పెద్దయ్యేవరకు కాపలాలాగా రాస్తాయి. వారసుడు మైనరైతే సంస్థానాన్ని కోర్ట్ ఆఫ్ వార్డ్స్ కిందకు తీసుకునే వీలు ప్రభుత్వానికి ఉండేది. మగపిల్లవాడి మైనారిటీ తీరే రోజును తేదీతో సహా లెక్కపెట్టేవారు. అదే రాజ్యంలో ఆడపిల్ల మైనారిటీ ఆమె తొలి నెలసరితో తీరిపోయేది.

ఇక భూమి. అవ్వ ఆ భూమిలో అరవై ఏళ్ళు కలుపు తీసింది, నాట్లు వేసింది, కుప్ప నూర్చింది. పహాణీలో ఏ ఫసలీలోనూ ఆమె పేరు లేదు. తాత పేరు, తర్వాత మా నాయన పేరు. మా ముగ్గురు అత్తలకు చేరిన వాటా ఏమిటో అర్థం కావాలంటే నాలుగు తేదీలు చూడాలి. ఆడపిల్లలకూ ఉమ్మడి ఆస్తిలో కొడుకులతో సమాన హక్కు ఇస్తూ ఆంధ్రప్రదేశ్ 1986లో చేసిన సవరణ 1985 సెప్టెంబరు 5 నుంచి అమల్లోకి వచ్చింది. దేశానికి దారి చూపిన చట్టం అది. కానీ ఆ తేదీకి ముందే పెళ్ళయిన కూతుళ్ళకు అది వర్తించదు. మా చిన్నత్త పెళ్ళి 1984లో అయింది. కేంద్రం చేసిన సవరణ 2005 సెప్టెంబరు 9 నుంచి అమలు. అందులో పెళ్ళి షరతు లేదు. అయితే 2004 డిసెంబరు 20కి ముందు రిజిస్టరైన పంపకాలను అది కదిలించదు. మా ఇంట్లో పంపకం కాగితాలు అంతకు ముందే రిజిస్టరయ్యాయి. చివరికి 2020 ఆగస్టు 11న వినీతా శర్మ కేసులో సుప్రీంకోర్టు, కూతురి హక్కు పుట్టుకతోనే వస్తుందని, 2005 నాటికి తండ్రి బతికి ఉండాల్సిన అవసరం లేదని తేల్చింది. పుట్టుకతో వచ్చే హక్కుకు ఇన్ని కటాఫ్ తేదీలు! ప్రతి తేదీకీ కొందరు కూతుళ్ళు లోపలికి వస్తారు, కొందరు గుమ్మం బయటే ఉండిపోతారు. మా అత్తలు ముగ్గురూ ప్రతిసారీ బయటే ఉన్నారు. పసుపు కుంకుమల కింద తలా ఒక చీర అందుకుని, తమ్ముడు చల్లగుండాలని దీవించి వెళ్ళారు.

ఈ మధ్య కాలపు కాగితాలు ఇంకో వింత చేశాయి. ఆధార్ కార్డు కోసం అవ్వను తీసుకెళ్ళినప్పుడు ఒక నమోదు కేంద్రంలోని అబ్బాయి పుట్టిన తేదీ అడిగాడు. మత్తడి దుంకిన యేడు అంది. అతను మొహం చూసి ఏదో అంచనా వేసి 1947 జనవరి 1 అని కొట్టాడు. తేదీ తెలియని కోట్లాది మందికి ఈ దేశం ఇచ్చిన పుట్టినరోజు జనవరి ఒకటి. ఆ కార్డు ప్రకారం అవ్వ తన పెళ్ళి జరిగిన సంవత్సరంలోనే పుట్టింది, నాలుగేళ్ళకు తల్లి అయింది. నవ్వుకోవచ్చు. కానీ గత శతాబ్దం ఆమెకు చేసిన అన్యాయాన్ని ఈ శతాబ్దం ఒక్క మీట నొక్కి తుడిచేసింది. పదకొండేళ్ళ పెళ్ళికూతురు కాగితంలో లేదు కాబట్టి జరగలేదు. లైబర్ నవలలో సైనికులు చేసే పని సరిగ్గా ఇదే.

తుడిచేసిన సంవత్సరాలకు రూపాయల్లో ఖరీదు ఉంటుంది. 2014లో ఆసరా వృద్ధాప్య పింఛను మొదలైనప్పుడు అర్హత 65 ఏళ్ళు, 2021లో దాన్ని 57కు తగ్గించారు. మా వాడకట్టులో ఒకామెకు కార్డులో పదేళ్ళు తక్కువ పడ్డాయి. వంగిపోయిన నడుముతో ఆమె చాలాకాలం పింఛను లేకుండా తిరిగింది. వయసు రుజువు చేసుకోమంటే, “నా మనుమరాలికి బిడ్డ పుట్టింది, ఇంకేం రుజువు గావాలె?” అని అడిగేది. ఆ రుజువును రాసుకునే గడి ఆ ఫారంలో లేదు.

పైన పెద్దల యుద్ధం సాగుతూనే ఉంది. సెప్టెంబరు 17 ఏ దినమన్నది మనకు ఇప్పటికీ తెగని తగాదా. విమోచన అని కొందరు, విలీనం అని కొందరు, విద్రోహం అని కొందరు. 2022లో కేంద్రం విమోచన దినం చేస్తే రాష్ట్రం జాతీయ సమైక్యతా దినం చేసింది. 2024లో రాష్ట్రంలో వచ్చిన కొత్త ప్రభుత్వం అదే రోజుకు ప్రజాపాలన దినం అని పేరు పెట్టింది. అవ్వ దానికి పెట్టుకున్న పేరు ‘పోలీసాక్షన్’. అది ఆమెకు జెండా పండుగ కాదు, తన పెళ్ళికీ పెద్దమనిషి కావడానికీ మధ్య పాతుకున్న హద్దురాయి. ఆ రోజు దేశం పెద్దదైంది. నాలుగు నెలలకు ఆమెను పెద్దదాన్ని చేసి అత్తగారింటికి పంపారు. ఈ రెండో సంగతి ఏ పక్షం ప్రసంగంలోనూ వినపడదు.

ఆడపిల్ల పెళ్ళి వయసును 21కి పెంచే బిల్లును 2021 డిసెంబరులో లోక్‌సభలో పెట్టారు. 2024లో ఆ సభ రద్దవడంతో బిల్లు కూడా పోయింది. అంకెలు పెరుగుతాయి, తగ్గుతాయి, మళ్ళీ వస్తాయి. ప్రతి అంకె వెనకా ఆమె మేలు గురించి వాదించుకునే రెండు పక్షాలుంటాయి. ఈ వాదనలో ఆమెను అడిగి రాసిన పేజీ ఎంత ఉందని చూస్తే, ఇన్నేళ్ళ తర్వాత కూడా చాలా తక్కువే.

ఆ పేజీ రాయడం మనలాంటివాళ్ళ చేతిలో కొంత ఉంది. 1901లోనే భండారు అచ్చమాంబ ‘అబలా సచ్చరిత్ర రత్నమాల’ కోసం స్త్రీల జీవితాలను ఒక్కొక్కటిగా పోగుచేసింది. మనం స్త్రీల ఇంటర్వ్యూలు అచ్చువేసేటప్పుడు వాళ్ళు చెప్పిన కాలాన్ని తీసేసి ఇంగ్లీషు సంవత్సరం పెట్టడం ఒక అలవాటుగా మారింది. చదివేవాళ్ళకు సుళువని అలా చేస్తాం. రెండూ ఉండాలని నా అభిప్రాయం. ‘1936 ప్రాంతం’ ఉండాలి, ‘మత్తడి దుంకిన యేడు’ కూడా ఉండాలి. మొదటిది లేకపోతే నేరం రుజువు కాదు. రెండోది లేకపోతే సాక్షి మిగలదు.

2027 మార్చి 1ని ప్రామాణిక తేదీగా ప్రకటించిన జనగణన మన ముందుంది. వయసు తెలియనివాళ్ళ దగ్గర స్థానిక సంఘటనలను బట్టి అంచనా కట్టాలని గణకులకు ఎప్పటి నుంచో సూచనలున్నాయి. ఆ సంఘటనల జాబితాల్లో కరువులు, వరదలు, ఎన్నికలు ఉంటాయి. తొలి కానుపు, పెద్దబిడ్డ పెళ్ళి, ఊళ్ళోకి మంత్రసాని బదులు నర్సమ్మ వచ్చిన యేడు కూడా వాటిలో చేరాలి. లెక్క రాయడానికి వచ్చేవాళ్ళలో ఎందరో ఆడవాళ్ళే, టీచర్లు, అంగన్‌వాడీ కార్యకర్తలు. గుమ్మంలో కూర్చున్న ముసలామెను వాళ్ళు ఇంకో రెండు ప్రశ్నలు అడిగితే జనవరి ఒకటిన పుట్టినవాళ్ళు కొంతమందైనా తగ్గుతారు.